మనోవర్తి వసూలు పని మీరు తీసుకోండి

రాష్ట్రంలో ఫ్యామిలీ కోర్టులు నడిపే న్యాయమూర్తులకు, న్యాయ శాఖ అధికారులకు, మా ఓట్లతో అసెంబ్లీకీ పార్లమెంటుకీ వెళ్లిన పెద్దలకు,

నమస్కారం.

నేను బ్లౌజులు కుట్టుకుని బతికే మనిషిని. ఇంటి ముందు గదిలోనే రెండు మిషన్లు. బి.కాం. రెండో ఏడాదిలో ఉండగా పెళ్లి చేశారు, చదువు అక్కడితో ఆగింది. లా చదవలేదు. కానీ ఎనిమిదేళ్లకు పైగా కోర్టు వరండాలో కూర్చుంటే ఎవరికైనా లా వస్తుంది. ఎం.సి. అంటే మనోవర్తి (పోషణకి నెలనెలా ఇవ్వాల్సిన డబ్బు) కేసని, ఓ.పి. అంటే విడాకుల లాంటి వాటికి వేసే పిటిషనని, వారెంటు ఎందుకు తిరిగొస్తుందో ఎవరూ చెప్పకుండానే తెలిసిపోయింది. కేసు కాగితాలన్నీ ఒక బట్టల షాపు కవర్లో పెట్టుకుంటాను, పట్టుచీర కొంటే ఇస్తారే, ఆ గట్టి కవరు. దాని హ్యాండిల్ ఇప్పటికి రెండుసార్లు తెగింది. రెండుసార్లూ మిషన్ మీదే కుట్టాను.

ముందు విడాకుల సంగతి చెప్పేస్తాను. దాని మీద నాకు పెద్ద ఫిర్యాదు లేదు.

2016 జూన్‌లో మా ఆయన హైదరాబాద్‌లో పని దొరికిందని వెళ్లాడు. అప్పటికి బాబుకి ఏడేళ్లు, పాపకి రెండు. రెండు నెలలు డబ్బు పంపాడు. తర్వాత ఫోన్ ఎత్తడం తగ్గింది. దసరాకి వస్తానన్నాడు, రాలేదు. సంక్రాంతికి ఆ నంబరే పనిచేయలేదు. మా అత్తగారిని అడిగితే "వాడి సంగతి మాకేం తెలుసమ్మా, నువ్వే సరిగ్గా చూసుకోవాల్సింది" అంది. కొట్లాడి వెళ్లినా కొంత నయం, ఎందుకు వెళ్లాడో తెలుస్తుంది. ఇది అలా కాదు. ట్రంకు పెట్టెలో ఆయన బట్టలు ఏడాదిన్నర అలాగే ఉంచాను.

మొగుడో పెళ్లామో వదిలేసి వెళ్లిపోతే ఆ కారణం మీద విడాకులు అడిగే వీలు హిందూ వివాహ చట్టంలో మొదట్నుంచీ లేదట. 1955లో చట్టం వచ్చింది, 1976 సవరణ దాకా ఆ కారణానికి వేరుగా ఉండటానికి మాత్రమే డిక్రీ ఇచ్చేవాళ్లు. ఇప్పుడైతే పిటిషన్ వేసే నాటికి వరసగా రెండేళ్లు వదిలేసి ఉండాలి, దానికి సరైన కారణం ఉండకూడదు, మనం ఒప్పుకుని ఉండకూడదు. వేరుగా ఉండటం ఒక్కటే చాలదని, ఇక కాపురం వద్దనే ఉద్దేశం కూడా రుజువు కావాలని 1956లోనే బిపిన్‌చంద్ర కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ ఉద్దేశం రుజువు చేయడమే కష్టం. మనసులో ఏముందో కాగితం మీద ఎలా చూపిస్తాం?

ఆయన కౌంటర్‌లో, అంటే కోర్టుకిచ్చిన జవాబులో, నేనే పుట్టింటికి వెళ్లిపోయానని రాయించాడు. నిజమే, అద్దె కట్టలేక ఏడాది తర్వాత మా అమ్మ దగ్గరికి వచ్చేశాను. క్రాస్ ఎగ్జామినేషన్‌లో వాళ్ల లాయరు అదే పట్టుకున్నాడు. "గడప దాటింది మీరే కదా, అవునా కాదా?" నేను కవరు తీసి మూడు కాగితాలిచ్చాను. అద్దె రసీదులు, గ్యాస్ పుస్తకం, పాప నర్సరీ అడ్మిషన్ ఫారం. ఆ ఫారంలో తండ్రి సంతకం దగ్గర ఖాళీ ఉంది. జడ్జిగారు ఆ ఫారం చాలాసేపు చూశారు. ఎవరు ఇల్లు వదిలారన్నది కాదు, ఎవరు కాపురం వదిలారన్నది చూడాలని తీర్పులో రాశారు. 2019లో వేసిన ఓ.పి. 2022లో డిక్రీ అయింది. మూడేళ్లు ఎక్కువే అంటారు మా చుట్టాలు. వరండాలో నా పక్కన కూర్చున్న వాళ్ల కేసులు చూస్తే నాది తొందరగా తేలినట్టే.

నేను ఈ ఉత్తరం రాస్తున్నది రెండో కేసు గురించి. పిల్లల మనోవర్తి.

2017 సెప్టెంబర్‌లో ఎం.సి. వేశాను. అప్పుడది పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో సెక్షన్ 125. 2024 జులై 1 నుంచి కొత్త చట్టం బి.ఎన్.ఎస్.ఎస్.లో 144 అయింది. నంబరు మారింది, వరండా అదే. నాకు వద్దు, పిల్లలకు చాలన్నాను. అది పౌరుషమో తెలివితక్కువో ఇప్పటికీ తేల్చుకోలేదు. నోటీసు మూడుసార్లు తిరిగొచ్చింది. ఒకసారి 'డోర్ లాక్డ్', ఒకసారి 'లెఫ్ట్', మూడోసారి ఏమీ రాయకుండానే. కేసు తేలేదాకా ఇచ్చే మధ్యంతర మనోవర్తి అర్జీని వీలైనంత వరకు 60 రోజుల్లో తేల్చాలని 2001 సవరణలో రాసి ఉంది. కానీ ఆ 60 రోజులు లెక్కపెట్టేది నోటీసు అందిన రోజు నుంచి. అందకుండా చూసుకుంటే లెక్క మొదలే కాదు. ఈ కిటుకు ఆయనకి ఎవరు చెప్పారో గానీ బాగానే చెప్పారు.

మధ్యంతరం ఏమీ లేకుండానే 2020 ఫిబ్రవరిలో ఫైనల్ ఆర్డర్ వచ్చింది. ఒక్కొక్కరికి నెలకి 4,000, ప్రతి నెలా 10వ తేదీలోగా, ఆర్డర్ తేదీ నుంచి. అదే ఏడాది నవంబర్ 4న రజనీష్ - నేహ కేసులో సుప్రీంకోర్టు, మనోవర్తి పిటిషన్ వేసిన తేదీ నుంచే ఇవ్వాలని చెప్పింది. మాది తొమ్మిది నెలల ముందే అయిపోయింది. 29 నెలల డబ్బు అలా పోయింది. హైకోర్టుకు వెళ్లొచ్చన్నారు. రానూపోనూ చార్జీలు, ఫీజు లెక్కేసుకుని ఊరుకున్నాను.

సరే, ఆర్డర్ ఉంది కదా. 2020 మార్చి నుంచి ఈ జనవరి దాకా 71 నెలలు. రావాల్సింది 5,68,000. వచ్చింది 2,13,000. ఆ వచ్చిన డబ్బులో ఒక్క రూపాయి కూడా 10వ తేదీన రాలేదు, మామూలు రోజున రాలేదు. అంతా వారెంటు పడ్డాక వచ్చిందే.

ఎలా వస్తుందో ఒకసారి చెప్పాలి. మొన్న శ్రావణంలో, వరలక్ష్మీ వ్రతానికి రెండు రోజుల ముందు వాయిదా పడింది. మాకు ఏడాది మొత్తంలో అదే సీజన్. పద్నాలుగు బ్లౌజులు కటింగ్ చేసి మిషన్ మీద పెట్టుకుని ఉన్నాను. పాపకి జ్వరం, ఇంట్లో వదల్లేక తీసుకెళ్లాను. పదకొండున్నరకి ఆయన వచ్చాడు, వారెంటు ఉంది కాబట్టి వచ్చాడు. కోర్టు హాల్లో కాదు, బయట వేపచెట్టు కింద. వాళ్ల జూనియర్ లాయరు ఆయన బండి సీటు మీద ఐదొందల నోట్లు పెట్టి లెక్కపెట్టాడు. నలభై వేలు, మొత్తం బాకీలో కొంత. నేను బరువైన కవరు చేత్తో పట్టుకుని రసీదు మీద సంతకం పెట్టబోతుంటే పాప నా చీర లాగి "అమ్మా, డెబ్బై తొమ్మిదే ఉన్నాయి" అంది. అది కూడా వాళ్లతోపాటు లెక్కపెట్టింది. జూనియర్ మళ్లీ లెక్కపెట్టాడు. డెబ్బై తొమ్మిదే. ఆయన జేబులోంచి ఇంకో నోటు తీసి పెట్టాడు, పాప వంక చూడలేదు. పాప కూడా ఆయన వంక చూడలేదు, దానికి ఆ మనిషి మొహం తెలీదు. ఆయన కోర్టులో వేసిన ఆస్తుల అఫిడవిట్‌లో వాహనాల దగ్గర 'లేదు' అని ఉంది. ఆ బండి తమ్ముడి పేరు మీద ఉందట.

కొంత కట్టామని పార్ట్ పేమెంట్ మెమో వేశారు, వారెంటు రీకాల్ అయింది, అంటే వెనక్కి తీసుకున్నారు, కేసు రెండు నెలల తర్వాతకి పోయింది. ఆ పద్నాలుగు బ్లౌజుల్లో ఐదు టైముకి ఇవ్వలేకపోయాను.

ఈ తిరగడంలో నాకు అర్థమైందొకటే. ఆర్డర్ ఇచ్చాక దాన్ని వసూలు చేసే పని మొత్తం పిల్లల్ని పెంచుతున్న మనిషి మీదే వదిలేశారు. మనిషి ఎక్కడున్నాడో నేనే కనుక్కోవాలి. వారెంటు తీసుకుని స్టేషన్‌కి వెళ్తే కానిస్టేబుల్ "ఇల్లు మీరే చూపించాలమ్మా, బండి మీరే పెట్టుకోవాలి" అన్నాడు. ఆయన ఎక్కడ పనిచేస్తున్నాడో నేనే తెలుసుకోవాలి. తెలుసుకుని జీతం అటాచ్ చేయమని, అంటే జీతంలోంచే పట్టుకోమని, ఈ.పి. (ఆర్డర్ అమలు పిటిషన్) వేస్తే, నోటీసు కంపెనీకి చేరేసరికి "ఈయన పోయిన నెలే మానేశాడు" అని జవాబు. బకాయి పడిన ఏడాదిలోగా అర్జీ పెట్టకపోతే ఆ నెలలకి వారెంటు ఇవ్వరు, కాబట్టి ఆ తేదీలు నేనే గుర్తుంచుకోవాలి. మిషన్ పక్కన గోడ మీద, కొలతలు రాసుకునే చోట, ఆ తేదీలు పెన్సిల్‌తో రాసుకుంటాను. బాకీ పడింది ఆయన, పరుగు నాది.

కరెంటు బిల్లు కట్టకపోతే ఫ్యూజు పీకేస్తారు. టీవీకి ఈఎంఐ రెండు నెలలు ఎగ్గొడితే సిబిల్ స్కోరు పడిపోతుంది, ఇంకెవరూ అప్పివ్వరు, వసూలుకి మనిషి ఇంటికొస్తాడు. పిల్లల తిండి డబ్బు ఆరేళ్లు ఎగ్గొట్టినా ఏ స్కోరూ పడదు. ఆయనకి బ్యాంకు లోనిస్తుంది, పాస్‌పోర్టు ఇస్తారు, కొత్త ఉద్యోగం ఇస్తారు.

చట్టంలో పళ్లు లేవని నేను అనను. ఉన్నాయి. నెల బకాయికి నెల దాకా జైలు ఉంది. జైలుకెళ్లి వచ్చినంత మాత్రాన బాకీ తీరిపోదని 1988లోనే సుప్రీంకోర్టు చెప్పింది. ఒళ్లు బాగున్న మగవాడు కూలిపని చేసైనా పెళ్లాం పిల్లల్ని పోషించాలని 2022లో అంజు గార్గ్ కేసులో చెప్పింది. జీతం అటాచ్ చేసేటప్పుడు మామూలు అప్పులకైతే పట్టుకోకుండా వదిలే భాగం ఎక్కువ. మనోవర్తి డిక్రీకైతే మూడో వంతు మాత్రం వదిలి మిగతాది పట్టుకోవచ్చని సివిల్ ప్రొసీజర్ కోడ్ 60వ సెక్షన్‌లో ఉంది. రజనీష్ - నేహ తీర్పు కూడా మనోవర్తి ఆర్డర్‌ని సివిల్ డబ్బు డిక్రీ లాగే అమలు చేయించుకోవచ్చంది. ఇవన్నీ ఉన్నాయి. కానీ ప్రతిదానికీ కొత్త అర్జీ, కొత్త నోటీసు, కొత్త 'డోర్ లాక్డ్'. ప్రతిదానికీ నా మిషన్ ఒక రోజు ఆగాలి.

మా పెద్దమ్మ మనవడు డాలస్‌లో ఉంటాడు. అక్కడే విడాకులయ్యాయి, ఒక కొడుకు. వాడు వచ్చినప్పుడల్లా జీతంలోంచే చైల్డ్ సపోర్ట్ కట్ అయిపోతుందని గొణుగుతాడు. నేను మాత్రం ఆ మాట చెవులారా వింటాను. అమెరికాలో 1994 నుంచి కొత్త ఆర్డర్లకి జీతం ఇచ్చేవాళ్లే మినహాయించి పంపడం మామూలు పద్ధతి. బకాయి 2,500 డాలర్లు దాటితే పాస్‌పోర్టు ఇవ్వరు. జర్మనీలో తండ్రో తల్లో డబ్బు ఇవ్వకపోతే ముందు సర్కారే బిడ్డకి కొంత ఇచ్చి, తర్వాత ఎగ్గొట్టిన వాళ్ల దగ్గర వసూలు చేసుకుంటుంది. అక్కడంతా స్వర్గమని కాదు, వాడి గొణుగుడు వింటే తెలుస్తుంది. కానీ అక్కడ తల్లి రసీదు పుస్తకం పట్టుకుని చెట్టు కింద నిలబడక్కర్లేదు.

మా కోరిక పెద్దదేం కాదు. ఆర్డర్ రాసే రోజునే ఆయన అఫిడవిట్‌లో పాన్ నంబరు, బ్యాంకు ఖాతా, పనిచేసే చోటు ఉంటాయి. రజనీష్ - నేహ తీర్పు తర్వాత ఆ అఫిడవిట్ తప్పనిసరి కూడా. ఆ ఆర్డర్‌లోనే ఒక వాక్యం రాయండి: 10వ తేదీ దాటితే, ఇంకో అర్జీ లేకుండా, జీతం ఇచ్చేవాళ్లు కోసి పిల్లల ఖాతాలో వేయాలని. ఉద్యోగం మారితే పీఎఫ్ యూఏఎన్ నంబరు మారదు కదా, కొత్త కంపెనీ ఎవరో సర్కారుకి తెలుస్తుంది, నాకు తెలియదు. ఆ వివరం కోర్టు తెప్పించుకుంటే నేను ఆయన స్నేహితుల ఫేస్‌బుక్ ఫోటోల వెనక గోడ మీద కంపెనీ బోర్డు కోసం వెతుక్కునే పని తప్పుతుంది. నవ్వకండి, ఒకసారి అలాగే పట్టుకున్నాను.

డబ్బు రాని నెల బెంచి క్లర్క్ దగ్గరో, న్యాయ సేవాధికార సంస్థ దగ్గరో ఒక మనిషి దాన్ని చూసి నోటీసు పంపే ఏర్పాటు చేయండి. ఆడవాళ్లకీ పిల్లలకీ ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సాయం 1987 చట్టం కిందే ఉంది, 15100కి ఫోన్ చేస్తే చెప్తారు. నాకు ఆ నంబరు 2021 దాకా తెలియదు, అప్పటికే లాయరు ఫీజుకి గొలుసు తాకట్టులో ఉంది. కోర్టు గేటు దగ్గర టీ బంకు మీద ఆ నంబరు రాయిస్తే సగం మందికి మేలు.

ఇంకోటి, పెంపు. 2020లో 4,000 అంటే బాబు ట్యూషనూ పుస్తకాలూ వెళ్లిపోయేవి. ఇప్పుడు వాడికి కాలేజీ బస్సుకీ మెస్సుకీ చాలదు. పెంచమని వేరే పిటిషన్ పెట్టుకోవచ్చు, దానికీ ఒక సెక్షన్ ఉంది, దానికీ ఒక వకాల్తా ఉంది. ఏటా ఇంత పెరగాలని మొదటి ఆర్డర్‌లోనే రాసేస్తే పోదా? ఇంటి అద్దె అగ్రిమెంట్‌లో రాసుకుంటారు. 2001 దాకా 125 సెక్షన్ కింద ఒక్కొక్కరికి నెలకి 500 రూపాయలు మించి ఇవ్వకూడదని పరిమితి ఉండేది. దాన్ని తీసేశారు, సంతోషం. కానీ ఆర్డర్ మీద పడ్డ అంకె అక్కడే గడ్డ కట్టుకుపోతే అది కూడా కొన్నేళ్లకి 500 లాంటిదే అవుతుంది.

నన్ను అన్నిటికన్నా టెన్షన్ పెడుతున్నది బాబు వయసు. వాడు ఇప్పుడు ఇంటర్ రెండో ఏడాది. వచ్చే ఏడాది మార్చికి 18 నిండుతాయి. ఆ రోజుతో వాడి మనోవర్తి ఆగిపోతుంది. పాపకైతే పెళ్లయ్యేదాకా అడిగే దారి హిందూ దత్తత, మనోవర్తి చట్టంలో ఉంది, 2020లో అభిలాష కేసులో సుప్రీంకోర్టు దాన్ని స్పష్టం చేసింది. మగపిల్లాడికి లేదు. నాకు అర్థం కానిది ఇది. మన దగ్గర పిల్లాడికి ఖర్చు మొదలయ్యేదే 18కి. ఇంజనీరింగో డిగ్రీయో, హాస్టలో, అప్పుడే పెద్ద ఫీజులు. చట్టం లెక్కలో వాడు ఆ రోజు నుంచి పెద్దవాడు, కాలేజీ ఆఫీసులో మాత్రం "గార్డియన్‌ని తీసుకురా" అంటారు. డిగ్రీ పూర్తయ్యేదాకా ఇద్దరూ తమ సంపాదనకి తగ్గట్టు పంచుకోవాలని ఒక మాట చేర్చడం ఎంత పని? నా వాటా నేను ఇస్తున్నాను, దాన్నేం తగ్గించమనట్లేదు.

ఊళ్లో పంచాయితీలు చేసే పెద్దమనుషులకి కూడా ఒక మాట, వాళ్లు ఈ ఉత్తరంలో లేకపోయినా. మొదట్లో మా విషయం రచ్చబండకే వెళ్లింది. "రెండు లక్షలు ఒకేసారి తీసుకుని, ఇక పిల్లలకి ఏమీ అడగనని రాసిచ్చెయ్యమ్మా, గొడవ వదిలిపోద్ది" అన్నారు. మా నాన్న దాదాపు ఒప్పుకున్నాడు. స్టాంపు పేపరు కూడా తెచ్చారు. బాబు బడి నుంచి వచ్చి ఆ కాగితం వెనక్కి తిప్పి దాని మీద విమానం బొమ్మ గీశాడు, పంచాయితీ ఆ రోజుకి వాయిదా పడింది. వాడికి ఇప్పటికీ తెలియదు ఎంత మేలు చేశాడో. పిల్లల హక్కు పిల్లలది, తల్లి సంతకంతో పోయేది కాదని తర్వాత ఒక లాయరమ్మ చెప్పింది. ఇలాంటి కాగితాల మీద సంతకాలు పెట్టేసి, ఇంకేం అడగలేమనుకుని ఇంట్లో కూర్చున్నవాళ్లు మా వీధిలోనే ఇద్దరున్నారు.

ఆయన మీద నాకిప్పుడు కోపం కూడా పెద్దగా లేదు. మనిషి కాపురం వదిలేశాడు, కోర్టు దానికి డిక్రీ ఇచ్చింది, అయిపోయింది. మళ్లీ పెళ్లి చేసుకున్నాడని విన్నాను, సుఖంగా ఉండనీ. ఆయన మొహం చూడకుండా, ఆయన లాయరుతో బేరం ఆడకుండా, పిల్లల డబ్బు పిల్లల ఖాతాలో పడితే చాలు.

మా వచ్చే వాయిదా ఫిబ్రవరి 11. బాబుకి ప్రాక్టికల్స్ కూడా అదే వారంలో ఉన్నాయి, ఫీజు బాకీ కడితేనే హాల్ టికెట్ ఇస్తామని కాలేజీ నుంచి మెసేజ్ వచ్చింది. ఈ రోజు జనవరి 19. ఈ నెల 8,000 ఇంకా రాలేదు.

ఇట్లు,
ఒక ఎం.సి. పిటిషనర్, ఇద్దరు పిల్లల తల్లి